సర్వీసు రిజిస్టరులో పుట్టిన తేదీ: సరిచూచుకొనవలసిన సమయము

ప్రభుత్వోద్యోగములో చేరిన ప్రతి వ్యక్తికిని కార్యాలయమున ఒక సర్వీసు రిజిస్టరు తెరువబడును. దాని మొదటి పుటలో ఉద్యోగి పేరు, తండ్రి పేరు, పుట్టిన తేదీ, ఎత్తు, గుర్తింపు చిహ్నములు వ్రాసి, ఉద్యోగి చేత సంతకము చేయించి, కార్యాలయాధికారి ధ్రువీకరించును. ఈ వివరములలో పుట్టిన తేదీకి ఉన్న ప్రాముఖ్యము మరి దేనికిని లేదు. ఉద్యోగి ఎన్నడు విరమించవలెనో, ఎన్నేండ్ల సర్వీసుపై పింఛను లెక్కింపవలెనో నిర్ణయించునది ఆ తేదీయే.

ఇంతటి ముఖ్యమైన తేదీని చాలమంది చేరిన దినమున ఒక్కసారి చూచి, మరల విరమణ నోటీసు చేతికి వచ్చినపుడుగాని చూడరు. అప్పుడు తమ అసలు వయస్సు ఇది కాదనియు, చిన్ననాడు పాఠశాలలో తప్పుగా వ్రాసిరనియు విన్నపములు పంపుదురు. ఆ విన్నపములలో నిజమైనవియు ఉండవచ్చును. అయినను అప్పటికి తలుపు మూయబడి యుండును. ఆ తలుపు ఎప్పుడు తెరచి యుండునో, ఎందువలన మూయబడునో గ్రామములందలి తల్లిదండ్రులును, క్రొత్తగా ఉద్యోగములో చేరిన యువతీయువకులును తెలిసికొనుట అవసరము.

తప్పు ఎక్కడ పుట్టుచున్నది?

పుట్టిన తేదీలోని తప్పులు సాధారణముగా కార్యాలయములో పుట్టవు. అవి ఊరిలోనే పుట్టి, పాఠశాల మీదుగా కార్యాలయము చేరుచున్నవి.

వెనుకటి రోజులలో పల్లెలందు వయస్సును తేదీలతో గాక సంఘటనలతో గుర్తుంచుకొనెడివారు. గోదావరి పుష్కరముల యేడు పుట్టినాడనియు, దివిసీమ ఉప్పెన నాటికి చంటిబిడ్డ యనియు పెద్దలు చెప్పెడివారు. ఈ గుర్తులు నమ్మదగినవే. దివిసీమ ఉప్పెన 1977 నవంబరు 19న వచ్చినది. గోదావరి పుష్కరములు 1991, 2003, 2015 సంవత్సరములలో జరిగినవి. అయితే పండ్రెండేండ్లకొకసారి వచ్చు పుష్కరమును బట్టి సంవత్సరము తెలియునే గాని నెలయు, దినమును తెలియవు.

జాతకము వ్రాయించినవారికి కూడ రెండు చోట్ల పొరపాటు కలుగును. తెలుగు సంవత్సరము ఉగాదితో ఆరంభమగును గాని జనవరితో కాదు. ప్రభవ నామ సంవత్సరము 1987 ఉగాది మొదలు 1988 ఉగాది వరకు నడచినది. ఆ యేడు మాఘమాసమున పుట్టిన బిడ్డ ఆంగ్లమానము ప్రకారము 1988లో పుట్టినట్లు లెక్క. ప్రభవ యనగా 1987 అని తొందరపడి వ్రాసినచో వయస్సు ఒక యేడు పెరుగును. రెండవది దినమునకు సంబంధించినది. మన పంచాంగములో వారము సూర్యోదయముతో మారును. ఆంగ్ల తేదీ అర్ధరాత్రి మారును. తెల్లవారుజామున రెండు గంటలకు పుట్టిన శిశువును ఇంటివారు ముందునాటి వారముతో చెప్పుకొందురు. ఆ వారమును బట్టి తేదీ వ్రాసినచో ఒక దినము వెనుకకు పోవును.

ఒక్క దినమే కదా యని తలపరాదు. వయోపరిమితి నిండిన నెల చివరి దినమున ఉద్యోగి విరమించవలెనని నియమము. నెల మొదటి తేదీన పుట్టినవారు మాత్రము అంతకు ముందు నెల చివరి దినముననే విరమించవలెను. ఏలయన ఒకటవ తేదీన పుట్టిన వ్యక్తికి ఆ వయస్సు ముందునాటితోనే నిండినట్లు లెక్క. కనుక జూలై 1న పుట్టినట్లు వ్రాయబడిన ఉద్యోగి జూన్ 30న విరమించును. జూలై 2న పుట్టినట్లు వ్రాయబడినచో జూలై 31 వరకు కొనసాగును. ఒక్క దినపు తేడా ఒక నెల జీతమైనది.

ఇక పాఠశాల సంగతి. బిడ్డను బడిలో చేర్చునపుడు జనన ధ్రువపత్రము లేనిచో, ఉపాధ్యాయుడు తల్లిదండ్రులు చెప్పిన వయస్సును లెక్కించి, పాఠశాలలు తెరచు జూన్ నెలలోని యేదో ఒక తేదీని వేయుట చాల కాలము వాడుకగా నుండెను. కొందరు తల్లిదండ్రులు బిడ్డను త్వరగా బడిలో వేయదలచి వయస్సు పెంచి చెప్పెడివారు. మరికొందరు ముందు ముందు ఉద్యోగమునకు పనికివచ్చునని తగ్గించి చెప్పెడివారు. ప్రవేశపు రిజిస్టరులో పడిన ఆ అంకెయే పదవ తరగతి సర్టిఫికెట్టులోనికి, అక్కడినుండి ఉద్యోగపు దరఖాస్తులోనికి, తుదకు సర్వీసు రిజిస్టరులోనికి నడచును.

సర్వీసు రిజిస్టరులో నమోదు ఎట్లు జరుగును?

ఆంధ్రప్రదేశ్‌లో ఈ విషయమును 1984లో జారీ అయిన ప్రత్యేక నియమములు పాలించుచున్నవి. ఉద్యోగుల పుట్టిన తేదీ నమోదు, మార్పులకు సంబంధించిన ఈ నియమములు 1984 ఏప్రిల్ 21వ తేదీన ఆర్థికశాఖ జీ.ఓ. 165 ద్వారా వెలువడినవి.

వీని ప్రకారము ఉద్యోగములో చేరిన ప్రతి వ్యక్తియు, చేరిన నాటినుండి ఒక నెలలోపల తన పుట్టిన తేదీని తెలుపుచు ప్రకటన ఇయ్యవలెను. కార్యాలయాధికారి ఆ ప్రకటనను, దానితో చూపిన ఆధారములను పరిశీలించి, అవసరమైనచో విచారించి, ఉద్యోగి చేరిన నాటినుండి నాలుగు నెలలలోపల పుట్టిన తేదీని నిర్ణయించుచు ఉత్తర్వు చేయవలెను. చదువుకొనినవారి విషయమున, ఉద్యోగములో చేరునాటికి పాఠశాల, కళాశాల రికార్డులలో ఉన్న తేదీయే ప్రమాణము. చేరిన తరువాత పాఠశాల రికార్డును మార్పించుకొని వచ్చినను ప్రయోజనము లేదు.

సంవత్సరము మాత్రమే తెలిసి నెల, దినము తెలియనివారికి జూలై 1వ తేదీని పుట్టిన తేదీగా గ్రహింతురు. సంవత్సరమును, నెలయును తెలిసి దినము తెలియనిచో ఆ నెల 16వ తేదీని గ్రహింతురు. పాత సర్వీసు రిజిస్టరులలో జూలై 1వ తేదీ తరచుగా కనబడుటకు ఇది యొక కారణము.

ఇట్లు నిర్ణయమై రిజిస్టరులోనికి ఎక్కిన తేదీ అంతిమము. దానిని ఆ తరువాత ఉద్యోగి వివాదపరచుటకు వీలులేదు. దీనికి నియమములు ఒకే యొక మినహాయింపు నిచ్చినవి. అది సదుద్దేశముతో పనిచేయుచుండగా జరిగిన వ్రాతపొరపాటు.

ఏది వ్రాతపొరపాటు, ఏది కాదు?

ఈ భేదమును ఉదాహరణతో గ్రహింపవచ్చును. ఒక గుమాస్తా పదవ తరగతి సర్టిఫికెట్టులో 12-10-1991 అని ఉన్నదనుకొందము. సర్వీసు రిజిస్టరు వ్రాసినవారు దినమును నెలను తారుమారుచేసి 10-12-1991 అని వ్రాసిరి. ఇది వ్రాతపొరపాటు. రెండు కాగితములను ప్రక్కప్రక్కన ఉంచినంతనే తప్పు తెలియుచున్నది. ఎవరినీ సాక్ష్యమడుగ నక్కరలేదు. అంకెలలో ఒకటియు, అక్షరములలో మరియొకటియు వ్రాయుట, 1986 అని వ్రాయవలసినచోట 1968 అని వ్రాయుట మొదలగునవి ఈ తరగతిలోనివి.

మరియొక ఉద్యోగి సర్టిఫికెట్టులోను, రిజిస్టరులోను 1990 అనియే ఉన్నది. అయితే తాను నిజముగా 1992లో పుట్టితినని, జాతకము అట్లే చెప్పుచున్నదని అతడు వాదించుచున్నాడు. ఇది వ్రాతపొరపాటు కాదు. రిజిస్టరు వ్రాసినవారు తమ యెదుటనున్న కాగితమును సరిగానే దింపినారు. తప్పున్నచో అది పాఠశాలలోనిది. ఉద్యోగములో చేరకముందు పాఠశాల రికార్డును సవరింపజేసుకొనవలసిన భారము కుటుంబముపై నుండెను.

కేంద్ర ప్రభుత్వోద్యోగులకు నియమము కొంత వేరు. 1979లో చేసిన సవరణ ప్రకారము, ఉద్యోగములో చేరిన అయిదేండ్లలోపల విన్నపము చేసికొనవలెను. నిజమైన పొరపాటు జరిగినట్లు స్పష్టముగా రుజువు కావలెను. వీనితో పాటు మూడవ షరతు ఒకటి కలదు. క్రొత్త తేదీ ప్రకారము చూచినచో, ఆ ఉద్యోగి వెనుక వ్రాసిన పరీక్షకుగాని, ఉద్యోగ ప్రవేశమునకుగాని వయస్సు చాలనివాడు కారాదు. ఇందలి న్యాయము సులభముగా బోధపడును. పెద్దవయస్సు చూపి పరీక్షకు కూర్చుండి, ఉద్యోగము పొంది, విరమణ దగ్గర పడినపుడు చిన్నవయస్సు చూపుట రెండు విధముల లాభమును కోరుట యగును.

నియమములు ఇంత కఠినముగా ఎందులకు?

ఒక మనిషి వయస్సు నిజముగా తప్పుపడి యుండగా దిద్దుటకు ఏమి అభ్యంతరమని అడుగవచ్చును. ఈ ప్రశ్న న్యాయమైనదే. నెల జీతముపై బ్రతుకు కుటుంబమునకు ఒక యేడు ముందుగా విరమించుట సామాన్యమైన నష్టము కాదు. కుమార్తె పెండ్లి, కుమారుని చదువు, ఇంటి అప్పు వాయిదాలు ఆ యేటిమీదనే ఆధారపడి యుండవచ్చును.

అయినను ఆ కుర్చీ వెనుక మరికొందరు నిలిచి యున్నారు. పై ఉద్యోగి విరమించిన దినమున ఒకరికి పదోన్నతి వచ్చును. అతని స్థానములోనికి మరియొకరు వత్తురు. చివర ఒక క్రొత్తవారికి ఉద్యోగము దొరకును. పైవారి తేదీ రెండేండ్లు ముందుకు జరిగినచో ఈ వరుస యంతయు రెండేండ్లు ఆగిపోవును. ఆ కాలములో కొందరు పదోన్నతి పొందకయే విరమింపవలసి వచ్చును. తమిళనాడుకు చెందిన ఒక వ్యాజ్యములో సుప్రీంకోర్టు 1993లో ఈ గొలుసు ఫలితమును ప్రత్యేకముగా ప్రస్తావించినది. స్పష్టమైన ఆధారము లేనిదే విరమణ తేదీ తరువాత ఉద్యోగమున కొనసాగుటకు న్యాయస్థానములు మధ్యంతర ఉత్తర్వులు ఇయ్యరాదని హెచ్చరించినది.

ఆ సంవత్సరముననే మరియొక తీర్పు వెలువడినది. 1956లో చేరిన ఒక కేంద్ర ప్రభుత్వోద్యోగి, సుమారు ముప్పదియైదేండ్ల పిమ్మట తన పుట్టిన తేదీ తప్పని తెలిపినాడు. అంతకాలము ఊరకుండుటకు తగిన కారణము చూపలేదు. సుప్రీంకోర్టు ఆ కోరికను అంగీకరింపలేదు. 2021 సెప్టెంబరులో కర్ణాటకకు చెందిన వ్యాజ్యములో అదే న్యాయస్థానము మూడు మాటలు తేటగా చెప్పినది. తేదీ మార్పు వర్తించు నియమముల ప్రకారమే జరుగవలెను. బలమైన ఆధారమున్నను దానిని హక్కుగా కోరరాదు. ఆలస్యమైనచో, అందును సర్వీసు చివరి దశలో వచ్చినచో, ఆ కారణము చేతనే విన్నపమును త్రోసిపుచ్చవచ్చును.

ఇది చిన్న ఉద్యోగులకు మాత్రమే వచ్చు చిక్కు కాదు. భారత సైన్యాధిపతిగా నుండిన జనరల్ వి.కె. సింగ్ గారి విషయమున సైన్యములోని రెండు శాఖల రికార్డులు రెండు విధములుగా నుండెను. ఒకదానిలో 1950 మే 10 అనియు, మరియొకదానిలో 1951 మే 10 అనియు నమోదైనది. మెట్రిక్యులేషను సర్టిఫికెట్టులో 1951 అని ఉండగా, నేషనల్ డిఫెన్స్ అకాడమీలో చేరుటకు నింపిన దరఖాస్తులో 1950 అని పడినది. ఆయన 2012 జనవరిలో సుప్రీంకోర్టును ఆశ్రయించి, ఫిబ్రవరి 10న తన పిటిషనును ఉపసంహరించుకొనెను. 1950 అను తేదీయే నిలిచినది. ఆ ప్రకారము ఆయన 2012 మే 31న విరమించినారు. విద్యార్థి దశలో నింపిన ఒక కాగితము నలువది యేండ్లకు పైబడిన సేవ చివర ఎట్లు ఎదురు వచ్చునో చూపుటకు ఇంతకంటె తెలిసిన ఉదాహరణము లేదు.

విరమణ వయస్సును ప్రభుత్వము మార్చవచ్చును. మన రాష్ట్రములో అది 1983లో 58 నుండి 55కు తగ్గింపబడి, 1984లో మరల 58 అయినది. ఆంధ్రప్రదేశ్‌లో 2014లో 60కిని, 2022 జనవరి 1 నుండి 62కును పెంచబడినది. తెలంగాణలో 2021లో 61కి పెంచిరి. వయోపరిమితి ఎన్నిసార్లు మారినను, దానిని లెక్కించుటకు మొదలైన పుట్టిన తేదీ మాత్రము ఒకసారి ఖాయమైన పిమ్మట కదలదు.

ఉద్యోగులు చేయవలసినది

ఉద్యోగములో చేరిన మొదటి నెలలోనే పుట్టిన తేదీ ప్రకటనను వ్రాతమూలకముగా ఇచ్చి, దాని నకలును భద్రపరచుకొనవలెను. సర్వీసు రిజిస్టరు మొదటి పుటపై సంతకము చేయుటకు ముందు, తేదీ అంకెలలోను అక్షరములలోను వ్రాయబడినదో లేదో, పదవ తరగతి సర్టిఫికెట్టుతో సరిపోయినదో లేదో చూడవలెను. చదువకుండ సంతకము చేయరాదు.

ప్రతి సంవత్సరము సర్వీసు రిజిస్టరును ఉద్యోగికి చూపి సంతకము గైకొనవలెనని నియమమున్నది. చాలమంది దీనిని లాంఛనముగా తలతురు. ఆ ఒక్క దినము మొదటి పుటను కూడ తిరుగవేసి చూచినచో తప్పులు మొదటి యేటనే బయటపడును. వ్రాతపొరపాటు కనబడినచో ఆ వారముననే సర్టిఫికెట్టు నకలు జతపరచి కార్యాలయాధికారి ద్వారా విన్నపము పంపవలెను. స్వయముగా దిద్దుట, గీకుట, తెల్లరంగు పూయుట నేరమగును. సవరణ ఉత్తర్వు వచ్చిన పిమ్మట, ఆ ఉత్తర్వు సంఖ్య, తేదీ వ్రాసి అధికారి సంతకముతో నమోదు జరుగవలెను.

ఆధార్ కార్డులోని తేదీని మార్పించుకొనినచో సర్వీసు రిజిస్టరు కూడ మారునని కొందరు భ్రమపడుచున్నారు. ఆధార్ గుర్తింపునకు ఉద్దేశింపబడినది. ప్రమాద పరిహారమునకు సంబంధించిన ఒక వ్యాజ్యములో సుప్రీంకోర్టు 2024 అక్టోబరులో, వయస్సు నిర్ణయమునకు ఆధార్ కంటె పాఠశాల సర్టిఫికెట్టునే ప్రమాణముగా గైకొనినది.

తల్లిదండ్రులు చేయవలసినది

రోగము ఊరిలో పుట్టుచున్నదని పైన చెప్పితిమి. మందును ఊరిలోనే కలదు.

పూర్వము కోస్తా, రాయలసీమ గ్రామములలో గ్రామ మునసబు జనన మరణముల లెక్క వ్రాసెడివాడు. నేడు 1969 నాటి జనన మరణముల నమోదు చట్టము దేశమంతట అమలులో నున్నది. బిడ్డ పుట్టిన 21 దినములలోపల నమోదు చేయించవలెను. ఆసుపత్రిలో పుట్టినచో తెలుపవలసిన బాధ్యత ఆసుపత్రి అధికారిది. ఇంటిలో పుట్టినచో ఇంటి పెద్దది. గ్రామమున పంచాయతీ కార్యదర్శిని కలిసి వివరములు చెప్పినచో చాలును. నమోదు చేయించినవారికి ధ్రువపత్రము ఉచితముగా లభించును.

21 దినములు దాటి 30 దినములలోపలనైనచో ఆలస్య రుసుము చెల్లించవలెను. నెల దాటి యేడాదిలోపలనైనచో నిర్ణీతాధికారి వ్రాతపూర్వకమైన అనుమతి కావలెను. యేడాది దాటినచో మేజిస్ట్రేటు ఉత్తర్వు అవసరము. మొదట మూడు వారములలో ఖర్చు లేకుండ జరుగు పని, యేడాది గడచినంతనే మండల, డివిజను కార్యాలయముల చుట్టు తిరుగు పని యగుచున్నది.

నమోదైన బిడ్డకు పేరు పెట్టిన పిమ్మట ఆ పేరును కూడ రిజిస్టరులో వ్రాయించుట మరువరాదు. పుట్టిన పండ్రెండు నెలలలోపల దీనికి రుసుము లేదు. నమోదులో తప్పు దొర్లినచో, ఆధారములు చూపి రిజిస్ట్రారు చేత సవరింపజేయవచ్చును. మొదటి వ్రాతను చెరుపక, ప్రక్కన సరియైన వివరము వ్రాసి, తేదీతో సంతకము చేయవలెనని చట్టము చెప్పుచున్నది.

బడిలో చేర్చునపుడు జనన ధ్రువపత్రము చూపి, ప్రవేశపు రిజిస్టరులో ఆ తేదీయే పడినదా యని కన్నులార చూడవలెను. పదవ తరగతి పరీక్షలకు పాఠశాలనుండి పంపు నామినల్ రోలు సిద్ధమగునపుడు మరియొకసారి చూడవలెను. తేడా కనబడినచో ప్రధానోపాధ్యాయుని ద్వారా వెంటనే సవరణ కోరవలెను. చదువురాని తల్లిదండ్రులు ఊరిలోని చదువుకొనిన బంధువునుగాని, అంగన్‌వాడీ కార్యకర్తనుగాని వెంటబెట్టుకొని పోవుట మంచిది.

చట్టమునకు 2023లో జరిగిన సవరణ ఈ కర్తవ్యమును మరింత ముఖ్యము చేసినది. అది 2023 అక్టోబరు 1వ తేదీనుండి అమలులోనికి వచ్చినది. ఆనాటి నుండి పుట్టిన బిడ్డలకు పాఠశాల ప్రవేశము, ఓటర్ల జాబితా, డ్రైవింగు లైసెన్సు, వివాహ నమోదు, ప్రభుత్వోద్యోగ నియామకము మొదలగువానికి పుట్టిన తేదీ, స్థలము రుజువు చేయునది జనన ధ్రువపత్రమే. ఈ తరమువారిలో ఉద్యోగములో చేరువారి సర్వీసు రిజిస్టరు మొదటి పుట ఒక విధముగా నేడే పంచాయతీ కార్యాలయములో వ్రాయబడుచున్నది.

కావున ఇంట బిడ్డ పుట్టినపుడు బారసాలకు ముహూర్తము చూచునట్లే, జనన నమోదుకు 21 దినముల గడువును కూడ లెక్కించుకొనవలెను. ఉద్యోగములో చేరిన కుమారునికి, కుమార్తెకు మొదటి జీతమును గురించి అడుగునపుడే, మొదటి పుటను సరిచూచుకొంటివా యని కూడ అడుగవలెను.